చక్కెర మీద పుస్తకం రాసిన సంజయ బారు గారికి, తుమ్మపాల నుంచి

తుమ్మపాల,
అనకాపల్లి జిల్లా.



నేనెవరో మీకు తెలీదు. మాది ఈ ఊళ్లో చెరుకు వేసిన కుటుంబం. ముప్ఫై ఏళ్లు జూనియర్ కాలేజీల్లో ఎకనామిక్స్ చెప్పి రిటైరయ్యాను. ఈ ఉత్తరం మీ అడ్రసు కనుక్కుని మీకే పంపించొచ్చు. కానీ ఇందులో అడగబోయేది మీ ఒక్కరినే కాదు, టీవీల్లో కూర్చుని దేశం డబ్బు గురించి మాట్లాడే ఆర్థికవేత్తలందరినీ. అందుకని నలుగురూ చదివేలా రాస్తున్నాను. అంతమందిలో మీ పేరే పట్టుకోవడానికి మాత్రం ఒక కారణం ఉంది.

మీ పేరు నేను మొదట చూసింది అట్ట ఊడిన ఒక లైబ్రరీ పుస్తకం మీద. 'ది పొలిటికల్ ఎకానమీ ఆఫ్ ఇండియన్ షుగర్'. 1990లో ఆక్స్‌ఫర్డ్ యూనివర్సిటీ ప్రెస్ వాళ్లు వేశారు. అప్పటికి మీరు హైదరాబాదు సెంట్రల్ యూనివర్సిటీలో పాఠాలు చెప్పేవారు. చెరుకు, చక్కెర, వాటి మధ్యలో ప్రభుత్వం, ఈ మూడింటి సంగతి ఒక తెలుగువాడు పుస్తకంగా రాశాడని తెలిసి ఆ రోజు నాకు కలిగిన సంతోషం ఇప్పటికీ గుర్తుంది. మా ఇంట్లో చక్కెర అంటే పాఠం కాదండీ, ఏడాది తిండి. నాన్న ఎప్పుడూ కటింగ్ ఆర్డర్ ఎప్పుడొస్తుంది, కాటా ఎంత తూగింది, డబ్బులు ఎప్పుడు పడతాయి అనే లెక్కల్లోనే ఉండేవాడు. అదంతా చదువుకున్నవాళ్లు చదవదగ్గ విషయమేనని నాకు చెప్పింది మీ పుస్తకం. నేను ఎకనామిక్స్‌ని క్లాసురూము బయటికి తెచ్చి చెప్పడం ఆ తర్వాతే మొదలుపెట్టాను. ఆ రుణం నాకుంది.

తర్వాత మీరు యూనివర్సిటీ వదిలి పత్రికల్లోకి వెళ్లారు. ఎకనామిక్ టైమ్స్‌లో, టైమ్స్ ఆఫ్ ఇండియాలో పని, ఫైనాన్షియల్ ఎక్స్‌ప్రెస్ సంపాదకత్వం. 2004లో మన్మోహన్ సింగ్ గారు ప్రధాని అయ్యాక 2008 దాకా ఆయనకి మీడియా సలహాదారు. ఆపైన సింగపూర్లో పాఠాలు, బిజినెస్ స్టాండర్డ్ సంపాదకత్వం. 2014లో 'ది యాక్సిడెంటల్ ప్రైమ్ మినిస్టర్' పుస్తకం, 2019లో దాని మీద సినిమా. సినిమాలో మీ పాత్ర అక్షయ్ ఖన్నా వేశాడు. అప్పట్నుంచీ జనం నోట్లో మీ పేరు ఆ ఒక్క పుస్తకంతోనే ముడిపడిపోయింది. 1991 మీద, పి.వి. నరసింహారావు గారి మీద మీరు రాసినది అంతకంటే గట్టి పుస్తకమని నా అభిప్రాయం. చక్కెర పుస్తకం మాటైతే ఎవరూ ఎత్తరు.

మీ నాన్నగారు బి.పి.ఆర్. విఠల్ గారు ఆంధ్రప్రదేశ్ ఆర్థిక, ప్రణాళికా శాఖల కార్యదర్శిగా పనిచేసినవారు. రాష్ట్రం డబ్బు ఎక్కడ పుడుతుందో, ఎక్కడ ఇంకిపోతుందో ఇంట్లోనే విని పెరిగినవారు మీరు. ఇదంతా ఎందుకు చెబుతున్నానంటే, నేను అడగబోయే పనికి మీకున్నంత సరంజామా ఇంకొకరికి లేదు.

మా ఊరి సంగతి చెబుతాను. అనకాపల్లి నుంచి చోడవరం రోడ్డు పట్టుకుంటే కాస్త దూరంలోనే తుమ్మపాల. వి.వి. రమణ సహకార చక్కెర కర్మాగారం అని బోర్డు మీద ఉంటుంది గానీ, అందరికీ అది తుమ్మపాల ఫ్యాక్టరీయే. ఒకప్పుడు సీజన్లో ఊరంతా మడ్డి వాసన. రాత్రంతా ట్రాక్టర్లు, ఎడ్లబళ్లు రోడ్డు వారన బారులు తీరి ఉండేవి. బళ్ల కిందే గోనెపట్టా పరుచుకుని పడుకునేవారు రైతులు. ఇప్పుడు గేటుకి తాళం. పాత విశాఖ జిల్లాలో ఇలాంటి సహకార మిల్లులు నాలుగుండేవి. తుమ్మపాల, ఏటికొప్పాక, తాండవ ఆగిపోయాయి. గోవాడ ఎన్నాళ్లో ఈదుకొచ్చింది, దానికీ కష్టకాలం వచ్చింది. ఎన్నికలొచ్చినప్పుడల్లా తెరిపిస్తామన్న మాట వినపడేది, అయిపోగానే ఆగిపోయేది. చెరుకు వేసిన చేలల్లో ఇప్పుడు సరుగుడు, నీలగిరి. కుర్రాళ్లు పరవాడ ఫార్మా కంపెనీలకీ, అచ్యుతాపురం సెజ్‌కీ బస్సెక్కుతున్నారు.

ఫ్యాక్టరీ గేటుకి ఎదురుగా ఒక టీకొట్టు ఉంది. అందులో చిన్న టీవీ. ఒక ఫిబ్రవరి 1న నేను అక్కడే ఉన్నాను. బడ్జెట్ రోజు. తెలుగు చానల్లో పెద్ద బల్ల చుట్టూ నలుగురు. ఒకాయన ద్రవ్యలోటు అంటున్నాడు, ఇంకొకాయన మూలధన వ్యయం అంటున్నాడు, ఇద్దరు పార్టీలవాళ్లు ఒకరి మీద ఒకరు అరుచుకుంటున్నారు. కింద షేర్ మార్కెట్ అంకెలు పరిగెడుతున్నాయి. బల్ల మీద గ్లాసు పెట్టుకుని మా పక్కింటి ముసలాయన గంటసేపు కళ్లార్పకుండా చూశాడు. పొలం మీద బతికిన మనిషి. ప్రకటనలు రాగానే నావైపు తిరిగి అడిగాడు: "ఏటి బావూ, ఇందులో మన సెరుకు గురించి ఏటైనా సెప్పేరా?"

చెప్పలేదన్నాను.

"మరి ఇంతసేపు ఏటి మాట్లాడేరు?"

నాకు జవాబు రాలేదు. అంతసేపూ వాళ్లు మాట్లాడింది నాకు అర్థమైంది. ఆ చదువు నాకుంది. ఆయన అడిగినదానికి మాత్రం ఆ మాటల్లో సమాధానం లేదు. చివరికి ఆయన ముందు నేనే ఒక లెక్క వేశాను. పాత పేపరు ముక్క మీద, టీకొట్టు పెన్నుతో. ఆ తర్వాత ఏటేటా ధరలు మారినప్పుడల్లా ఆ లెక్క దిద్దుకుంటూ వస్తున్నాను. చివరిగా దిద్దినది మీకూ చెబుతాను, తప్పుంటే దిద్దండి.

2025-26 సీజన్‌కి కేంద్రం చెరుక్కి క్వింటాలు 355 రూపాయలు ఇవ్వాలంది. నూటికి 10.25 రికవరీ ఉంటే. అంటే వంద కిలోల చెరుకు ఆడిస్తే పది కిలోల పావు చక్కెర రావాలి. 355ని 10.25తో భాగిస్తే కిలో చక్కెరలో చెరుకు ఖర్చే 34 రూపాయల 60 పైసలు దాటుతుంది. మిల్లు కరెంటు, జీతాలు, సంచులు, వడ్డీ ఇంకా కలపలేదు. ఇటువైపు చూస్తే, మిల్లు ఇంతకంటే తక్కువకి అమ్మకూడదని కేంద్రం పెట్టిన చక్కెర ధర కిలో 31 రూపాయలు. అది 2019 ఫిబ్రవరిలో పెట్టింది. అప్పటి చెరుకు ధర 10 శాతం రికవరీకి క్వింటాలు 275. అంటే కిలో చక్కెరలో చెరుకు ఖర్చు 27 రూపాయల 50 పైసలు. అప్పుడు మూడున్నర రూపాయలు మిగిలేది. 2025 ఏప్రిల్లో చెరుకు ధర 355 చేసేనాటికి కూడా 31 అన్న అంకె కదల్లేదు.

31 అన్నది కింది హద్దు, బజారు ధర అంతకంటే ఎక్కువే ఉంటుంది. ఆ మాట చెప్పకపోతే నా లెక్క సగం అబద్ధమవుతుంది. కానీ బ్యాంకువాడు మిల్లు గోడౌన్లో చక్కెర మీద అప్పిచ్చేటప్పుడు చూసే అంకెల్లో ఈ కింది హద్దు కూడా ఉంటుంది. బజారు పడిపోయిన ఏడాది రైతుకి అండగా నిలబడాల్సిందీ అదే.

రికవరీ తగ్గితే ఇంకో పోటు. ఆ సీజన్‌కి 9.5 కంటే ఎంత తగ్గినా రైతుకి క్వింటాలుకి 329 రూపాయల 5 పైసలు ఇచ్చి తీరాలన్నారు. అది రైతుకి న్యాయమే, నేను కాదనను. కానీ 8.5 వచ్చే పాత మిల్లుకి కిలో చక్కెరలో చెరుకు ఖర్చే 38 రూపాయలు దాటుతుంది. రికవరీ ఎందుకు పడిపోతుంది? యంత్రాలు పాతవి. గేటు దగ్గర చెరుకు రెండు మూడు రోజులు ఎండితే తీపి దిగిపోతుంది. నరికిన మర్నాటికల్లా గానుగలో పడాలి. పడదు, ఎందుకంటే యంత్రం మధ్యలో ఆగిపోతుంది. దాన్ని బాగుచెయ్యడానికి డబ్బుల్లేవు. డబ్బులెందుకు లేవంటే రికవరీ లేదు. అలా సుడిలో పడి మునిగాయి ఇలాంటి మిల్లులు.

ఈ దిద్దిన లెక్క పేపరు ముక్క మీద చూపిస్తే ముసలాయన రెండు నిమిషాల్లో పట్టేశాడు. "అంటే పంచదార అమ్మితే సెరుకు డబ్బులే రావన్నమాట." అని ఊరుకోలేదు. "మరి మిగతా మిల్లులు ఎలా ఆడతన్నాయి?" అన్నాడు.

సంజయ గారూ, ఈ ప్రశ్న ఒక్క యాంకర్ నోటి నుంచి కూడా నేను వినలేదు. ఇంతకంటే పదునైన ప్రశ్న ముప్ఫై ఏళ్ల క్లాసుల్లో నన్ను ఎవరూ అడగలేదు. జవాబు చెప్పాలంటే ఇథనాల్ సంగతి చెప్పాలి. పెద్ద మిల్లులకి పక్కనే ఇథనాల్ తీసే డిస్టిలరీ ఉంటుంది. పిప్పితో కరెంటు తీసి గ్రిడ్‌కి అమ్ముకుంటాయి. వాటికి చక్కెర ఒక్కటే సరుకు కాదు. డిస్టిలరీ లేని సహకార మిల్లుకి చక్కెర తప్ప దిక్కులేదు. మళ్లీ ఆ ఇథనాల్ కూడా ఢిల్లీ చేతిలోదే. 2023 డిసెంబరులో చెరుకు రసంతో ఇథనాల్ చెయ్యడానికి ఉన్నట్టుండి అడ్డుకట్ట వేసి, తర్వాత సడలించారు. చక్కెర సంగతీ అంతే. 1991 జూలై 24న పరిశ్రమలకి లైసెన్సులు ఎత్తేశారని మనం పిల్లలకి చెబుతాం. చక్కెర మాత్రం 1998 దాకా లైసెన్సు కిందే ఉందని ఎంతమందికి తెలుసు? మిల్లులు చక్కెరలో కొంత వాటా చౌకధరకి ప్రభుత్వానికి ఇవ్వాలన్న లెవీ 2013 దాకా నడిచింది. సి. రంగరాజన్ గారి కమిటీ చెప్పాక తీసేశారు. అదే కమిటీ రైతుకీ మిల్లుకీ మధ్య ఆదాయాన్ని వాటాలుగా పంచమంది. రైతుకి నూటికి 70, పిప్పీ మడ్డీ కూడా లెక్కలో వేసుకుని. చాలా రాష్ట్రాల్లో అది కాగితం మీదే ఉండిపోయింది. ఒక్క గంట దొరికితే ఇదంతా చెప్పొచ్చు. విన్నవాడు ఓటు వేసేటప్పుడు మిల్లు తెరిపిస్తామన్నవాడిని 'ఎలా తెరిపిస్తావు?' అని అడుగుతాడు.

నాకూ ఒకసారి ఆ అవకాశం వచ్చిందండీ. ఒక చానల్ వాళ్లు ఫోను చేశారు, చక్కెర మిల్లుల మీద చర్చ, ఇంట్లోంచే మాట్లాడొచ్చన్నారు. నేను రెండ్రోజులు కూర్చుని సిద్ధమయ్యాను. ఈ లెక్కనే అప్పటి ధరలతో అట్టముక్క మీద పెద్ద అక్షరాలతో స్కెచ్ పెన్నుతో రాశాను, కెమెరాకి చూపిద్దామని. గంటంబావు చెవిలో వైరు పెట్టుకుని కూర్చున్నాను. నా వంతు వచ్చింది. "మాస్టారూ, సూటిగా చెప్పండి, ఏ ప్రభుత్వం ముంచింది?" అన్నారు. ముందు చెరుకు ధర ఎలా కడతారో చెప్పనివ్వండి అన్నాను. అట్టముక్క ఎత్తాను. రెండో వాక్యం దగ్గరే పార్టీ ప్రతినిధి అందుకున్నాడు. నన్ను తెర మీద చిన్న గడిలోకి తోసేశారు. తర్వాత చూసుకుంటే ఆ గడిలో నేను అట్టముక్క ఎత్తిపట్టుకుని అలాగే కూర్చున్నాను, దాని మీదున్న అంకెలు ఎవరికీ కనపడవు. మా ఆవిడ టీవీ కట్టేసింది. నా బాధ అవమానం జరిగిందని కాదు. ఆ రాత్రి ఆ చర్చ చూసిన చెరుకు రైతులందరి చేతికీ అందాల్సిన లెక్క అందలేదని.

ఆర్థికవేత్తలు టీవీకెక్కితే పలచబడిపోతారని యూనివర్సిటీల్లో ఒక మాట ఉంది. నేను ఒప్పుకోను. పేపరు చదవలేని మనిషికి టీవీయే పేపరు. జాన్ కెన్నెత్ గాల్‌బ్రెయిత్ ఫార్చూన్ పత్రికలో పనిచేశాడు, 1960ల మొదట్లో మన దేశంలో అమెరికా రాయబారిగా ఉన్నాడు, 1977లో బీబీసీ కోసం 'ది ఏజ్ ఆఫ్ అన్‌సర్టెన్టీ' అనే సీరీస్ చేశాడు. దానికి జవాబా అన్నట్టు 1980లో మిల్టన్ ఫ్రీడ్‌మన్ 'ఫ్రీ టు చూజ్' చేశాడు. న్యూస్‌వీక్‌లో కాలమ్ రాసిన మనిషే ఆయనా. ఇద్దరికీ ఒకరి మాట ఒకరికి పడదు. ఫ్రీడ్‌మన్ చెప్పిన చాలా సంగతులతో నాకూ పేచీయే. అయితే ఆ ఇద్దరిలో నాకు నచ్చినది ఒకటుంది. కెమెరాని స్టూడియో దాటించి తీసుకెళ్లారు. ఫ్రీడ్‌మన్ హాంకాంగ్ వీధుల్లో నిలబడి మాట్లాడాడు. ఎదురుగా ఉన్న వస్తువుని చూపిస్తూ చెప్పారు. నలుగురు కలిసి అరిచే బల్ల మీద అది కుదరదు.

తెలుగులో ఇలాంటివి చెబితే వినరనడం కూడా తప్పే. ప్రొఫెసర్ కె. నాగేశ్వర్ గారు ఒక్కరే కూర్చుని తెలుగులో విడమర్చి చెబుతుంటే మా టీకొట్టులో ఫోను చుట్టూ మూగి వింటారు. జనానికి ఓపిక లేదన్నది స్టూడియోల్లో పుట్టిన మాట. రాత్రి పెనం దగ్గర నాలుగు గంటలు కూర్చునే మనుషులకి ఓపిక గురించి ఎవరు చెబుతారు?

పెనం అన్నాను కాబట్టి చెబుతాను. మిల్లు మూతపడ్డాక చెరుకు మిగిలినవాళ్లంతా బెల్లం వైపు తిరిగారు. పోయినేడు సంక్రాంతి ముందు మా పక్క చేలో వండుతుంటే వెళ్లి కూర్చున్నాను. గానుగలోంచి పచ్చటి రసం. సున్నం నీళ్లు పడగానే నురగలా మడ్డి పైకి తేలింది, దాన్ని జల్లిగంటెతో తీసి పారేశారు. పొయ్యిలోకి చెరుకు పిప్పే. రంగు తేనెలా మారేసరికి వండే మనిషి చన్నీళ్ల గిన్నెలో ఒక చుక్క వేసి, వేళ్లతో ఉండ చుట్టి చూశాడు. అవగానే కేక వేశాడు, నలుగురు కలిసి పెనం ఎత్తి వంచారు. ఆ కేక ఒక్క నిమిషం ఆలస్యమైతే పాకం ముదిరిపోయి దిమ్మ రంగు నల్లబడుతుంది. అనకాపల్లి మార్కెట్లో వేలం పాడేవాడు ముందు చూసేది రంగు. తెల్లగా, బంగారంలా ఉంటే మొదటి రకం. నల్లబడితే మూడో రకం, తీపి ఒకటే అయినా సరే. అందుకే కొందరు రంగు తేలడానికి హైడ్రోస్ అనే రసాయనం కలుపుతారు. ఆరోగ్యానికి మంచిది కాదని వాళ్లకీ తెలుసు. 'మందు కలపకండి' అని రైతుకి చెప్పడం సుళువు. కంటితో ధర కట్టే మార్కెట్లో కలపనివాడు ఎంత నష్టపోతున్నాడో ఎవరు లెక్కగట్టారు? 1913 నుంచీ అనకాపల్లిలో చెరుకు పరిశోధనా కేంద్రం ఉంది. విశ్వామిత్ర లాంటి రకాలు ఇచ్చింది. మంచి చెరుకు ఎలా పండించాలో వాళ్లు నేర్పారు. దాని ధర ఎలా పుడుతుందో చెప్పాల్సింది మీలాంటివారు.

నేను మిమ్మల్ని చూసినదంతా ఇంగ్లీషు చానళ్లలోనే. ప్రధాని ఆఫీసు సంగతులు, ఎన్నికలు, విదేశాంగం. అవి ముఖ్యమైనవే. మీరు బాగానే చెబుతారు, గొంతు పెంచరు, అవతలివాడిని పూర్తిచెయ్యనిస్తారు. 2025లో వచ్చిన మీ పుస్తకం డబ్బున్నవాళ్లు దేశం వదిలి వెళ్లిపోవడం గురించి కదా. మా దగ్గర డబ్బు లేనివాళ్లు చేను వదిలి వెళ్లిపోతున్నారు. ఈ రెండు వలసలకీ ఎక్కడైనా సంబంధం ఉందా? ఉందని నాకు అనిపిస్తుంది, నిరూపించే సత్తా నాకు లేదు. మీకుంది.

నేను అడిగేది ఇదీ. 1990లో మీరు రాసిన పుస్తకానికి తర్వాతి అధ్యాయం టీవీలో చెప్పండి, తెలుగులో. ఢిల్లీలో కూర్చుని కాదు, తుమ్మపాల గేటు ముందు నిలబడి. రాజకీయ పార్టీల ప్రతినిధులు వద్దు. మిల్లులో పాకం కాచిన ఒక పాన్‌మన్, కాటా రాసిన ఒక గుమస్తా, బెల్లం మార్కెట్ నుంచి ఒక కొలగారు, ఒక బ్యాంకు మేనేజరు, మా ముసలాయన. ఇంతమంది చాలు. సహకార మిల్లుని మళ్లీ నడపడం కుదరని పనే అని లెక్క తేలితే ఆ మాటే చెప్పండి. మాకు అబద్ధపు ఆశ వద్దు. వాటాదారు డబ్బు ఏమవ్వాలి, నేల ఏమవ్వాలి, చెరుకు ఎవరికి తోలాలి అన్నది అప్పుడైనా మొహమాటం లేకుండా మాట్లాడుకుంటాం. మీరు కాకపోతే మీ దగ్గర చదువుకున్నవాళ్లు, మీ పత్రికల్లో పనిచేసినవాళ్లు ఎవరైనా రండి. ఈ ఉత్తరం చదువుతున్న చానల్ సంపాదకులు ఆ గంట ఇవ్వండి. ప్రకటనలకి పావుగంట తీసుకోండి, కానీ చెబుతున్న మనిషి మాట మధ్యలో తెంచకండి.

వస్తే జనవరిలో రండి. చెరుకు పక్వానికొచ్చి బెల్లం వండే రోజులు. హైదరాబాదు నుంచి రాత్రి రైలెక్కితే తెల్లారేసరికి అనకాపల్లి దిగొచ్చు. స్టేషన్ దగ్గర ఆటోలుంటాయి. ముందు మార్కెట్‌కి వెళ్దాం, పొద్దున్న వేలం చూడాలి. అక్కడ్నుంచి తుమ్మపాల. మీకోసం ఆ పాత అట్టముక్క బీరువా మీద దాచి ఉంచాను. అందులో 275 ఉన్నచోట 355 దిద్దాను. 31 మాత్రం అలాగే ఉంది.

ఇట్లు,
తుమ్మపాల చెరుకు రైతు కొడుకు,
ఒక రిటైర్డ్ ఎకనామిక్స్ లెక్చరర్